టి. మునివెంకటమ్మ, హోసూరు

మత్తిగిరి,
1986 జూన్ 22

కెంచమ్మ చిన్నమ్మకు మునివెంకటమ్మ నమస్కారాలు.

నేను క్షేమంగా చేరాను. నువ్వు కట్టిచ్చిన పులిహోర శూలగిరి దాటకముందే అయిపోయింది. పక్క సీట్లో కూర్చున్న ముసలాయన, "ఇంత వాసన పెట్టుకొని మూట ముడేసి కూచుంటే ఎట్లమ్మా" అన్నాడు. సగం ఆయనకే పెట్టాను.

మా హాస్టలు పశువుల ఫారం కంచె పక్కనే ఉంది. తెల్లవారుతూనే గ్రౌండుకు పోవాలి, మధ్యాహ్నం నుంచి ఫ్యాక్టరీలో స్విచ్చులకు స్ప్రింగులు బిగించే పని. మాకు ఉద్యోగం ఇచ్చింది పరుగు చూసే కాబట్టి ముందు పరుగు, తర్వాతే స్ప్రింగులు. జనవరిలో మద్రాసులో రాష్ట్రం పోటీలు జరుగుతాయి. ఒక్కొక్క పరుగుకు ఫ్యాక్టరీ నుంచి ఒక్కరినే పంపుతారు. అలా పోయినవాళ్ళకు ఉద్యోగం ఖాయం. మిగిలినవాళ్ళ సంగతి సంవత్సరం ఆఖర్లో చూస్తారట.

ఇక అసలు సంగతి. మొదటి రోజు గ్రౌండులో మా కోచ్ మేడం కాగితం చూసి, "టి. మునివెంకటమ్మ" అని పిలిచింది. నేను ముందుకు వచ్చాను. నా పక్కనే ఇంకొక పిల్ల కూడా వచ్చింది. మేడం మా ఇద్దరినీ మార్చి మార్చి చూసి, "మీ నాయన పేరేందమ్మా?" అని అడిగింది. "తిమ్మరాయప్ప" అన్నాను. ఆ పిల్ల కూడా "తిమ్మరాయప్ప" అంది. అందరూ నవ్వారు. మేడం మాత్రం నవ్వలేదు. "నా పేరూ మునివెంకటమ్మే. పేరుతో ఎవరూ గెలవరు. పోయి లైన్లో నిలబడండి" అంది.

ఆ పిల్లది తళి దాటాక అడవి పక్క పల్లె. హాస్టల్లో ఆమెను తళి మునివెంకటమ్మ అనీ, నన్ను కుందారపల్లి మునివెంకటమ్మ అనీ పిలుస్తున్నారు. ఇద్దరం పరిగెత్తేదీ ఒకటే పరుగు, పదిహేను వందల మీటర్లు.

అమ్మకు ఈ ఉత్తరం చదివి వినిపించు. నాయన గొర్రెల వెంట ఎండలో తిరగొద్దని చెప్పు.

ఇట్లు,
నీ బిడ్డ
మునివెంకటమ్మ


కృష్ణగిరి బస్టాండు,
1986 జూలై 5

చిరంజీవి మునివెంకటమ్మకు కెంచమ్మ చిన్నమ్మ దీవెనలు.

నీ ఉత్తరం అందింది. మీ అమ్మ నాగక్క శుక్రవారం వచ్చినప్పుడు రెండుసార్లు చదివించుకుంది. ఇక్కడ మామిడికాయ లారీలతో బస్టాండు దగ్గర నడవడానికి దారి లేదు. లారీ వాళ్ళందరూ మన అంగట్లోనే ఇడ్లీ తింటారు కాబట్టి నాకూ మీ చిన్నాయన ముత్తప్పకూ కూర్చునే తీరిక లేదు.

మన పక్క ఆ పేరు లేని ఇల్లు ఏదమ్మా? బిడ్డ నిలవకపోతే మునేశ్వరుడికి మొక్కుతారు, నిలిచాక వెంకటరమణస్వామికి గుండు కొట్టిస్తారు. ఇద్దరిలో ఎవరికి కోపం వచ్చినా కష్టమని ఇద్దరి పేర్లూ కలిపి పెడతారు. మీ అమ్మ చేసిందీ అదే. ఆ తళి పిల్ల ఇంట్లోనూ అదే జరిగి ఉంటుంది.

అయినా జాగ్రత్తగా ఉండు. పేరు ఒకటే అయితే నీ జీతం, నీ సెలవు, నీకు వచ్చే ఉత్తరం అన్నీ ఆమె చేతికి పోతాయి. నువ్వు అసలే మెతక. మొన్న కండక్టరు గుర్రప్పకు నీ సంగతి చెబితే, "మన కుందారపల్లి పాప మద్రాసులో పరిగెత్తేదా?" అని పొంగిపోయాడు. ఇప్పుడు ఆ బస్సు ఎక్కినవాళ్ళందరికీ చెబుతున్నాడు. కాబట్టి నువ్వే పోవాలి.

ఉలవలు, రాగిపిండి గుర్రప్ప చేతికి ఇచ్చి పంపుతున్నాను. ఉలవలు ఉడకబెట్టి ఆ నీళ్ళు తాగు. గుర్రానికి పనికొచ్చేది నీకు పనికిరాదా?

కెంచమ్మ


మత్తిగిరి,
1986 ఆగస్టు 17

చిన్నమ్మకు నమస్కారాలు.

ఉలవలు అందాయి. తళి మునివెంకటమ్మ, నేను కలిసి తిన్నాము. కోప్పడవద్దు. ఆమెను గురించి నీకు రాయాలని చాలా రోజులుగా అనుకుంటున్నాను, ఎలా రాయాలో తెలియక ఆగాను.

ఆమె మాట్లాడేది చాలా తక్కువ. అన్నం పెడితే తింటుంది, పెట్టకపోతే అడగదు. షూ వేసుకోవడం ఇక్కడికి వచ్చాకే నేర్చుకుంది. మొదటి వారం, అందరం ఒకేలాంటి పిల్లలమే కదా అనుకున్నాను. కుందారపల్లిలో నన్ను మించినవాళ్ళు లేరు, స్కూలు పోటీల్లో నా ముందు ఎవరి వీపూ నేను చూడలేదు. ఇక్కడ ప్రతి ఉదయం ఒకే వీపు చూస్తున్నాను.

పోయిన బుధవారం మేడం మమ్మల్ని ఫారం రోడ్డు మీద పరిగెత్తమంది. కంచె అవతల దూడలు మేస్తున్నాయి. మేము రావడం చూసి వాటికీ హుషారు వచ్చింది, తోకలు ఎత్తి కంచె వెంబడి మాతో పాటు పరిగెత్తాయి. కొంతసేపటికి నాకు ఆయాసం వచ్చి వెనకపడ్డాను. ఇంకా కొంతసేపటికి దూడలూ ఆగిపోయాయి. ఆమె ఆగలేదు. రోడ్డు మలుపు తిరిగి కనిపించకుండా పోయింది. దూడలు తలలు ఎత్తి అటే చూస్తున్నాయి, నేనూ అటే చూస్తున్నాను. నాకు కోపం రావలసింది. రాలేదు. గుండెలో ఏదో నిండినట్టయింది, అంతే.

ఆ సాయంత్రం మేడంతో, "ఆమె ఎడమ కాలు కొంచెం లోపలికి పడుతుంది మేడం. అలసిపోయినప్పుడు ఇంకా ఎక్కువ పడుతుంది" అన్నాను. మేడం మరుసటి రోజు చాలాసేపు ఆమె కాళ్ళనే గమనించి నా దగ్గరకు వచ్చింది. "నాకు రెండు నెలలుగా కనపడలేదు, నీకెట్ల కనపడింది?" అని అడిగింది. రోజూ వెనక ఉండేది నేనే కదా, అందుకే కనిపించింది అన్నాను. మేడం నవ్వడం అప్పుడే మొదటిసారి చూశాను.

సెప్టెంబరులో ఎంపిక పోటీ. నేను చేతనైనంత చేస్తాను.

నీ బిడ్డ


కృష్ణగిరి,
1986 సెప్టెంబరు 21

నా బంగారు తల్లికి చిన్నమ్మ కోటి దీవెనలు.

ఉదయం గుర్రప్ప బస్సు ఆపీ ఆపకముందే తమిళ పేపరు ఊపుకుంటూ దూకాడు. "అక్కా, వచ్చేసింది" అంటూ అరుగు ఎక్కి అందరికీ వినపడేలా చదివాడు. మద్రాసు పోటీలకు పోయేవాళ్ళ పేర్లలో ఉంది, టి. మునివెంకటమ్మ, హోసూరు. నేను ఆ పేరు మీద వేలు పెట్టి చూశాను. అరవం నాకు కూడబలుక్కొని చదివేంతే వచ్చు. అయినా ఆ పేరు చదవడానికి చదువు కావాలా?

మీ చిన్నాయన అంగడి మూసేద్దామన్నాడు. ఎందుకు మూయాలి, తెరిచే ఉంచి అందరికీ కేసరి పెడదామన్నాను. డ్రైవర్లు, మామిడి మండీ వాళ్ళు, చెప్పులు కుట్టే పెద్దప్ప, అందరూ తిన్నారు. మధ్యాహ్నం మేమిద్దరం కుందారపల్లికి పోయి చెప్పాము. మీ అమ్మ పోయి దేవుడి ముందు కూర్చుంది. మీ నాయన మాత్రం, "యాడ పరిగెత్తినా నా గొర్రెల వెనకాల పరిగెత్తిన కాళ్ళే కదా" అని ఊరంతా తిరిగి చెప్పాడు.

నీ దూడల ఉత్తరం చదివి నాకు భయం వేసింది. ఇంకొకరిని అంతగా పొగిడేవాళ్ళు గెలవరు అనుకున్నాను. నా నోట్లో మన్ను పడ. నువ్వు గెలిచావు.

వెంటనే రాయి. ఏ రోజు బయలుదేరేదీ రాయి.

కెంచమ్మ


మత్తిగిరి,
1986 సెప్టెంబరు 27

చిన్నమ్మకు నమస్కారాలు.

పేపరులో ఉన్నది నేను కాదు. తళి మునివెంకటమ్మ.

ఎంపిక పోటీ పదిహేడో తేదీ జరిగింది. ఆ రోజే నీకు రాయాలని కూర్చున్నాను, రాయలేక పడుకున్నాను. ఆలస్యం చేసినందుకు ఇంత జరుగుతుందని అనుకోలేదు. నాయన ఊరంతా తిరిగి చెప్పాడని చదివి కాగితం పక్కన పెట్టేశాను.

నేను బాగా పరిగెత్తలేదని అనుకోవద్దు. ఇంత బాగా నేను ఎప్పుడూ పరిగెత్తలేదు. మూడో రౌండు దాకా ఆమె పక్కనే ఉన్నాను. ఆమె ఊపిరి నాకు వినిపిస్తోంది. తర్వాత ఆమె ఊపిరి మారలేదు, అడుగు మారింది. నేను ఏమి చేయాలో నాకు తెలుసు, కాళ్ళకూ తెలుసు, కానీ కాళ్ళ దగ్గర అది లేదు. ఆమె అలా ముందుకు పోతూ ఉంటే చూస్తూ పరిగెత్తాను. గీత దాటాక వెనక్కి వచ్చి నన్ను పట్టుకుంది. ఇద్దరం కింద పడ్డాము.

ఊళ్ళో నిజం చెప్పు చిన్నమ్మా. నాయనకు నువ్వే నెమ్మదిగా చెప్పు.

మునివెంకటమ్మ


కృష్ణగిరి,
1986 అక్టోబరు 2

మునివెంకటమ్మకు,

నీ ఉత్తరం చదివాను. నేను నమ్మను. పేపరులో నీ పేరు ఉంది, మీ నాయన అక్షరం ఉంది, నువ్వు ఉండే ఊరు ఉంది. నడుమ ఎవరో ఏదో చేశారు. ఆ మేడంకు ఆ తళి పిల్ల బంధువు అయి ఉంటుంది, లేకపోతే ఇద్దరి పేరూ ఒకటే కావడంతో కాగితాలు తారుమారు చేసి ఉంటారు. నువ్వు మెతకదానివని ముందే చెప్పాను.

మీ అమ్మకు ఇంకా చెప్పలేదు. చెప్పను కూడా. మేడంకు నేనే గట్టిగా ఒక ఉత్తరం రాసి నిన్న పోస్టులో వేశాను. అడగవలసింది అడిగాను. నువ్వు గమ్మున ఉండు, నేను చూసుకుంటాను.

కెంచమ్మ


మత్తిగిరి,
1986 అక్టోబరు 19

చిన్నమ్మా,

నువ్వు మేడంకు రాసిన ఉత్తరం మేడంకు అందలేదు. కవరు మీద "మునివెంకటమ్మ, ఆటల విభాగం" అని రాశావు. నేను షిఫ్టులో ఉన్నాను, మేడం బెంగళూరు పోయి ఉంది. వాచ్‌మన్ గంగప్ప దాన్ని తళి మునివెంకటమ్మకు ఇచ్చాడు. తనకు ఎవరూ ఎప్పుడూ ఉత్తరం రాయరు, ఊళ్ళో ఉన్న అవ్వే ఎవరి చేతనో రాయించిందనుకొని సంతోషంగా విప్పిందట.

అందులో ఏముందో నీకు తెలుసు. నా బిడ్డ పేరు దొంగిలించి ఇంకొకతి మద్రాసుకు పోతోంది అని రాశావు. అడవిలో పెరిగిందానికి ఆశ ఎక్కువ అని రాశావు.

నేను షిఫ్టు నుంచి వచ్చేసరికి ఆమె లేదు. ఫ్యాక్టరీ ఇచ్చిన షూ తుడిచి మంచం మీద పెట్టింది, బనియను మడిచి పెట్టింది, నీ ఉత్తరం నా దిండు మీద పెట్టింది. గంగప్పను అడిగాను. "ఇంగొకరి పేరుతో నేను పరిగెత్తనని చెప్పు, ఈ పేరు మా అవ్వది అని కూడా చెప్పు అనింది. ఆపినా నిలవలేదమ్మా" అన్నాడు.

వారం అయింది. మేడం ఆమె ఊరికి రాసిన ఉత్తరానికి జవాబు లేదు. మొన్న మా మేనేజరు నన్నూ మేడంనూ పిలిచాడు. "పేరు ఒకటే, ఇనిషియల్ ఒకటే. మద్రాసుకు పంపిన కాగితం మార్చే పని కూడా లేదు. ఉన్న మునివెంకటమ్మనే పంపించండి" అన్నాడు. మేడం నా వైపు చూసింది.

నీతో అబద్ధం చెప్పను. ఆ రాత్రి నేను మద్రాసుకు పోయినట్టే అనుకున్నాను. ఉద్యోగం ఖాయమవుతుంది, నాయన మాట నిలబడుతుంది, నువ్వు పెట్టిన కేసరికి అర్థం ఉంటుంది. ఎవరికీ తెలియదు. పొద్దున గ్రౌండుకు పోయి ఒక్కదాన్నే పరిగెత్తాను. ముందు ఎవరి వీపూ లేదు. ఇన్నాళ్ళూ నేను కోరుకున్నది అదే కదా, కానీ ఆ గ్రౌండు చూడబుద్ధి కాలేదు. ఆమె పరుగు ఇంక ఎక్కడా ఎవరూ చూడరన్న ఒక్కటే గుర్తుకొచ్చింది. మేడం దగ్గరకు పోయి, "నేను పోను మేడం. పోతే పేరు దొంగిలించింది నేనవుతాను" అన్నాను.

నాకు సెలవు ఇవ్వలేదు. మేడం మళ్ళీ బెంగళూరు పోవాలి. నువ్వే వెళ్ళు చిన్నమ్మా. ఆమెను తీసుకురా.

మునివెంకటమ్మ


కృష్ణగిరి,
1986 నవంబరు 4

చిరంజీవి మునివెంకటమ్మకు చిన్నమ్మ దీవెనలు.

వారం కిందట ఆమెను మీ హాస్టలు గేటు దాకా తెచ్చి వదిలాను. నువ్వు షిఫ్టులో ఉన్నావన్నారు. నిన్ను చూడకుండానే వచ్చేశాను, నీ ముందు నిలబడడానికి మొహం చెల్లలేదు. జరిగినదంతా రాస్తున్నాను, నిదానంగా చదువు.

నీ ఉత్తరం మీ చిన్నాయనకు చదివి వినిపిస్తే ఆయన పొయ్యి దగ్గర నుంచి లేచి, "రేపు అంగడి నేను చూసుకుంటా. నువ్వు పో" అన్నాడు. నన్ను ఒక్క మాట అనలేదు. అని ఉంటే పోట్లాడేదాన్ని.

హోసూరులో బస్సు మారి తళికి పోయాను. తళి నుంచి కట్టెల బండి మీద కొంత దూరం, తర్వాత నడక. చలి మొదలైపోయింది అక్కడ, మధ్యాహ్నం కూడా దుప్పటి కప్పుకున్నారు. దారి పొడుగునా ఏమి చెప్పాలో పలుకుతూనే ఉన్నాను. అమ్మా, చదువు తక్కువదాన్ని, కోపం ఎక్కువదాన్ని, మనసులో పెట్టుకోవద్దు అని.

ఇంటి ముందు ఒక ముసలామె రాగులు చెరుగుతోంది. "యాడనుంచి వచ్చినావమ్మా?" అంది. "కృష్ణగిరి నుంచి. మునివెంకటమ్మను చూడాల" అన్నాను. "చూడు" అని చేట కింద పెట్టి సర్దుకొని కూర్చుంది. ఆమె అవ్వ పేరూ అదేనమ్మా. మనుమరాలి కోసం వచ్చానని చెప్పాక, "ఆటల ఊర్నుంచి వచ్చినావా? పాప ఏమీ చెప్పలేదు. వచ్చినప్పటినుంచీ మేకలు తోలుకోని గుట్ట మీదికి పోతా ఉంది, చీకటి పడితేనే దిగేది" అంది.

నన్ను గుట్ట అడుగుకు తీసుకుపోయింది. అది చిన్న గుట్ట కాదు. పైన మేకలు తెల్లగా నూకల్లా కనిపిస్తున్నాయి. అవ్వ నోటికి చేతులు అడ్డం పెట్టి ఒక్క కేక వేసింది.

పైన ఒక మనిషి లేచి నిలబడింది. తర్వాత దిగడం మొదలుపెట్టింది.

బిడ్డా, నేను పుట్టి బుద్ధెరిగి బస్టాండులో ఉన్నదాన్ని. బస్సులు, లారీలు, మొరాయించిన ఎద్దులు, పోలీసును చూసి పారిపోయే దొంగలు, అన్నీ చూశాను. పరిగెత్తడం అంటే ఏమిటో నాకు తెలుసు అనుకున్నాను. అది నేను ఎప్పుడూ చూడలేదని అప్పుడు తెలిసింది. రాళ్ళున్నాయి, ముళ్ళకంపలున్నాయి, దారి అనేది లేదు. ఆమె కింద చూడడం లేదు. అవ్వనే చూస్తోంది. కాలు పెట్టిన చోటల్లా ఆ రాయి ఆమె కోసమే పెట్టినట్టుంది. చెట్ల నడుమ కనిపించి, మాయమై, ఇంకా దగ్గర కనిపించేది. చేతులు జోడించానో ఏమో, అవ్వ నా వైపు వింతగా చూసింది.

వచ్చి నిలబడింది. అవ్వకు ఏమైందోనని పరిగెత్తిందట. నుదుటి మీద చెమట లేదు. నేను దారంతా పలికిన మాటల్లో ఒక్కటీ నోటికి రాలేదు.

"అమ్మా, ఇంగొకసారి పోయి రా" అన్నాను.

"ఎందుకు?" అంది.

"ఊరికే. నేను మళ్ళీ చూడాల."

ఆమె అవ్వ వైపు చూసింది. అవ్వ నవ్వుతోంది. "పో, అడుగుతా ఉంది కదా" అంది. ఆ పిల్ల నిజంగానే మళ్ళీ గుట్ట ఎక్కి, మళ్ళీ దిగి వచ్చింది. ఈసారి కిందికి వచ్చేటప్పుడు తనూ నవ్వుతోంది. నేను ఏడుస్తున్నాను.

అప్పుడు చెప్పాను. "ఆ ఉత్తరం రాసిన కెంచమ్మను నేనే. చూడకుండా రాసినాను. చూసింటే రాసేదాన్ని కాదు."

మేకల వైపు ఒకసారి చూసింది. తర్వాత, "మీ పాప పోలేదా మద్రాసుకు?" అని అడిగింది. "పోనంది. నిన్ను తీసుకరమ్మని పంపింది" అన్నాను. "పేరు ఒకటే కదా అని ఆ మేనేజరు యప్ప అన్నా పోలేదా?" అంది. మేనేజరు అలా అంటాడని ఆమె ముందే అనుకుందన్న మాట. నీ కోసమే దారి వదిలి వచ్చిందేమో అని నాకు అప్పుడు అనిపించింది. అడగలేదు.

అవ్వ మాకు రాగి సంగటి, అనపకాయల చారు పెట్టింది. తెల్లవారి ముగ్గురం తళి దాకా నడిచాము. బస్సు కదిలేటప్పుడు అవ్వ కిటికీ దగ్గరకు వచ్చి, "నా పేరు పెట్టుకోని పోతా ఉండావు, గమ్మున కూచోవద్దు" అంది ఆమెతో.

మీ అమ్మకూ నాయనకూ నిజం చెప్పాను. మీ నాయన రెండు రోజులు ఇంట్లోనే కూర్చున్నాడు. తర్వాత గుర్రప్ప అడిగితే, "నా పాప రెండోది వచ్చింది. మొదట వచ్చిందాన్ని మా కెంచమ్మ చూసింది, ఆయమ్మను అడుగు" అన్నాడట. ఇప్పుడు అందరూ నన్ను అడుగుతున్నారు. చెప్పిందే చెబుతున్నాను, ఎవరికీ విసుగు రావడం లేదు.

నీ ఉద్యోగం ఏమవుతుందో అని మాత్రం నిద్ర పట్టడం లేదు. రాయి.

కెంచమ్మ


మద్రాసు,
1987 జనవరి 18

కెంచమ్మ చిన్నమ్మకు నీ బిడ్డ నమస్కారాలు.

ఈ ఉత్తరం ఎక్కడి నుంచో చూశావు కదా. నేనూ మద్రాసుకు వచ్చాను. పరుగుకు కాదు. మేడం నన్ను తనకు సాయంగా కావాలని మేనేజరుతో గట్టిగా చెప్పి తెచ్చింది. డిసెంబరు నెలంతా తళి మునివెంకటమ్మ ఎడమ కాలు సరిచేసే పని నాకే అప్పగించింది. నేను పక్కన పరిగెత్తుతూ చెప్పేదాన్ని, ఆమె వినేది. ఇద్దరం మాట్లాడుకున్నదంతా ఆ కాలు గురించే. నీ ఉత్తరం సంగతి ఒక్కసారి కూడా ఎత్తలేదు. తిరిగి వచ్చిన రోజు మాత్రం నా పక్కన కూర్చొని, "మీ చిన్నమ్మ నన్ను రెండుసార్లు గుట్ట ఎక్కించింది" అని నవ్వింది.

నా ఉద్యోగం పోదు. వచ్చే సంవత్సరం బెంగళూరులో కోచ్‌ల చదువుకు పంపడానికి ఒప్పుకున్నారు. "నీ కాళ్ళకంటే నీ కండ్లు మేలు. బాధపడతావా?" అని మేడం అడిగింది. ఆలోచించి చెప్పాను, కొంచెం బాధే, కానీ ఎక్కువ కాదు అని. "ఆ కొంచెం ఉండనీ. అది లేని కోచ్ పనికిరాదు" అంది.

ఇప్పుడు నిన్నటి పరుగు సంగతి చెబుతాను. ఇక్కడి గ్రౌండు చూస్తే మన కృష్ణగిరి కొండ కూడా చిన్నదనిపిస్తుంది. రైల్వే వాళ్ళు, పోలీసు వాళ్ళు, ముళ్ళ షూలు వేసుకున్న పెద్ద పెద్ద ఆడవాళ్ళు. వాళ్ళ నడుమ మన పిల్ల గొంగడి కప్పుకొని నిలబడింది. చలి కాదు, సిగ్గు. మేడం నాకు ఒక స్టాప్‌వాచ్ ఇచ్చి గీత దగ్గర నిలబెట్టింది. తన చేతిలో ఒకటి పెట్టుకుంది. "ఎవరు గెలిచినా నాకు టైము కావాల. గీత దాటగానే నొక్కు" అంది. సరే అన్నాను.

మొదటి రెండు రౌండ్లు ఆమె అందరి వెనకాల ఉంది. ముందున్నవాళ్ళు గోడ కట్టినట్టు పరిగెత్తుతున్నారు, దారి ఇవ్వడం లేదు. మూడో రౌండులో ఎవరి షూ ముల్లో ఆమె పిక్కకు గీసుకుంది, మేజోడు ఎర్రబడింది. నేను ఆమె ఎడమ కాలే చూస్తున్నాను, లోపలికి పడుతుందేమోనని. పడలేదు. చివరి రౌండు గంట కొట్టారు. ఆమె ఆ మనుషుల గోడ పక్క నుంచి బయటికి వచ్చింది.

చిన్నమ్మా, రోజూ ఆమె పరుగు చూసినదాన్ని నేను. ఎంత వేగంగా పోగలదో, ఎక్కడ అలసిపోతుందో అన్నీ తెలుసు అనుకున్నాను. అది నిన్నటి దాకా ఆమె నాకు చూపించింది మాత్రమే. తల కదలడం లేదు. భుజాలు కదలడం లేదు. ఒక్కొక్కరి పక్క నుంచి పోతుంటే వాళ్ళు అటు తిరిగి చూశారు, పరుగు మధ్యలో. అరుస్తున్న జనం అరవడం మానేశారు. నా వెనక టీ అమ్మే ఆయన కెటిల్ కింద పెట్టాడు. ఆ చివరి మలుపులో ఆమె పాదాల చప్పుడు నాకు వినిపించింది, అంత నిశ్శబ్దంగా ఉంది. నువ్వు గుట్ట కింద చేతులు జోడించానో ఏమో అని రాశావు. నాకు అర్థమైంది.

ఆమె గీత దాటింది. రెండో ఆమె ఇంకా చాలా దూరంలో ఉంది. మైకులో "టి. మునివెంకటమ్మ, హోసూరు" అన్నారు. ఆమె గడ్డి మీద కూర్చొని మేజోడు విప్పుకుంటోంది.

మేడం నా దగ్గరకు వచ్చింది. "ఎంత?" అంది.

చేతిలోకి చూసుకున్నాను. వాచీ ముల్లు తిరుగుతూనే ఉంది. నొక్కడం మరిచిపోయాను. తిట్టడం ఖాయం అనుకొని, "నొక్కలేదు మేడం" అన్నాను.

మేడం తన చెయ్యి చాపి చూపించింది. అదీ తిరుగుతూనే ఉంది.

మేడం తన వాచీ ఆపి జేబులో వేసుకుంది. నాది గదికి వచ్చేదాకా తిరుగుతూనే ఉంది చిన్నమ్మా, ఆపడానికి నాకు చేతులు రాలేదు.

ఇట్లు,
కుందారపల్లి మునివెంకటమ్మ